మన పూల మొక్కలు – వాటి ఇంటిపేర్లు

వార్షికోత్సవ సంచికకు ఏదైనా రాయమని వార్డెన్ సారు కబురు పెట్టినప్పుడు మొదట కవిత రాద్దామనుకున్నాను. "కవితలు ఎట్లాగూ చాలా వస్తాయి, నువ్వు చదివిన చదువు గురించి రాయి" అన్నారు సారు. నేను చదివింది ఎమ్మెస్సీ వృక్షశాస్త్రం. మా ఇంట్లో డిగ్రీ పట్టా చేతపట్టిన మొదటివాణ్ణి నేనే. "గా చెట్ల చదువుతోని ఏమొస్తది?" అని వాడలో అడిగినవాళ్లకు ఇప్పటిదాకా సరైన జవాబు చెప్పలేకపోయాను. ఈ వ్యాసం ఆ జవాబులో కొంత భాగం అనుకోండి.

ముందుగా మన కాళ్ల కింద ఉన్న సంగతి చెబుతాను. నస్పూర్, శ్రీరాంపూర్ పిల్లలకు బొగ్గు అంటే ఏమిటో చెప్పనక్కరలేదు. షిఫ్టు దిగి వచ్చే మనుషులను చూస్తూనే పెరిగాం. ఆ బొగ్గు ఒకప్పుడు అడవి. గోదావరి లోయలోని ఈ బొగ్గు పెర్మియన్ యుగానిది, అంటే సుమారు 25 నుంచి 30 కోట్ల సంవత్సరాల కిందటిది. ఆనాటి అడవిలో గ్లోసాప్టెరిస్ అనే చెట్లు విస్తారంగా ఉండేవి. వాటి ఆకు నాలుక ఆకారంలో ఉంటుంది. ఆ ఆకుల అచ్చులు రాతి పొరల మీద ఇప్పటికీ దొరుకుతాయి. కానీ ఆ అడవిలో ఒక్క పువ్వు కూడా లేదు. పూల మొక్కలు ఉన్నట్టు గట్టి సాక్ష్యం దొరికేది సుమారు 13 కోట్ల ఏళ్ల కిందటి నుంచే. అంటే బాయిలోకి దిగినవాళ్లు పూలు లేని అడవిలోకి దిగుతారు, పైకి ఎక్కినప్పుడు తంగేడు పూసిన గట్టు మీదికి వస్తారు.

ఈ ముచ్చట ఇంట్లో చెబితే మా బాపు, "పువ్వు లేకుంటె కాయ ఎట్లయితది మరి?" అని అడిగాడు. ఆయన బడికి పోలేదు గానీ అడగవలసిన ప్రశ్న అదే. గ్లోసాప్టెరిస్‌కు విత్తనం ఉంది, కాయ లేదు. విత్తనం అండాశయంలో దాగి పెరగడం, ఆ అండాశయమే కాయగా మారడం పూల మొక్కల్లోనే జరుగుతుంది. బీజం మూతపడి ఉంటుంది కాబట్టి వీటిని ఆవృతబీజాలు అంటారు. ఇంటర్మీడియట్‌లో ఈ మాటను బట్టీ పట్టాను. అర్థమైంది మాత్రం బాపు ప్రశ్న తర్వాతే.

ప్రపంచంలో పూల మొక్కలు మూడు లక్షల జాతులకు పైగా ఉన్నాయి. మన దేశంలో 18 వేలకు పైగా గుర్తించారు. అందులో నాలుగు వేలకు పైగా ఈ దేశంలో తప్ప మరెక్కడా సహజంగా పెరగనివి. నీటిలో తేలే నలుసంత ఉల్ఫియా నుంచి మర్రి దాకా అన్నీ ఈ లెక్కలోవే. మర్రికి, మేడికి పూలు లేవని మనవాళ్లు అంటారు. ఉన్నాయి, ఆ గుండ్రటి కాయ లోపలే ఉన్నాయి. ఒక మేడిపండు చీల్చి భూతద్దంతో చూడండి.

ఇన్ని వేల మొక్కలను ఎట్లా గుర్తు పెట్టుకోవాలి? స్వీడన్ దేశస్థుడు లిన్నేయస్ 1753లో అచ్చువేసిన స్పీసీస్ ప్లాంటేరమ్ అనే గ్రంథంలో ప్రతి మొక్కకూ రెండు మాటల పేరు వాడాడు. మొదటి మాట ప్రజాతి, రెండోది జాతి. ఇది తెల్లవాళ్ల పద్ధతి, కష్టం అని భయపడే తమ్ముళ్లకు ఒక మాట. మన హాస్టల్ హాజరు పట్టీ చూడండి. ముందు ఇంటిపేరు, తర్వాత మనిషి పేరు. లిన్నేయస్ పద్ధతి కూడా సరిగ్గా అదే. తన సొంత పేరు రాసుకునేటప్పుడు లిన్నేయస్ ఇంటిపేరు వెనక పెట్టుకున్నాడు, మొక్కలకు మాత్రం మనలాగా ముందు పెట్టాడు. ఒకే ఇంటిపేరు ఉన్నవి దగ్గరి చుట్టాలు. అలాంటి ఇళ్లు కొన్ని కలిస్తే కుటుంబం, కుటుంబాలు కలిస్తే క్రమం.

ఇక తంగేడు దగ్గరికి వద్దాం. తెలంగాణ రాష్ట్ర పుష్పం కాబట్టి పోటీ పరీక్షల్లో శాస్త్రీయ నామం అడుగుతారు, సెన్నా ఆరిక్యులేటా అని అందరూ బట్టీ పడతారు. ఆరిక్యులేటా అంటే చెవులు కలది అని అర్థం. ఏ చెవులు? రేపు పొద్దున గట్టు మీదికి పోయి తంగేడు ఆకు కాడ మొదలు చూడండి. అక్కడ రెండు పక్కలా చిన్న చెవుల్లాంటి పత్రపుచ్ఛాలు ఉంటాయి. తంగేడును వేల సార్లు తెంపిన నా చేతులకు ఆ చెవులు తెలియవు. పువ్వు కోసం చూసేవాడికి ఆకు కాడ కనబడదు. పువ్వులో పది కేసరాలుంటాయి. మూడు వంధ్యమైనవి, పరాగం ఇవ్వవు. మిగిలిన వాటిలో పరాగకోశాలు పొడుగునా చీలవు, కొసన చిన్న రంధ్రం మాత్రమే తెరుచుకుంటుంది. పెద్ద తుమ్మెద వచ్చి పట్టుకుని ఒళ్లంతా అదిరేలా జుమ్మన్నప్పుడే పరాగం బయటికి రాలుతుంది. ఆ చప్పుడు మనం విన్నదే, ఎందుకో తెలియదంతే.

తంగేడు ఇంటిపేరు కథ కూడా వినదగినదే. లిన్నేయస్ దీన్ని కేసియా అన్నాడు. 1832లో వెలువడిన ఫ్లోరా ఇండికాలో విలియం రాక్స్‌బర్గ్ దీన్ని సెన్నాలో పెట్టాడు. తర్వాతి పెద్దలు ఆ మాట పట్టించుకోక మళ్లీ కేసియాలోనే ఉంచారు. 1982లో ఇర్విన్, బార్నెబీ అనే ఇద్దరు ఆ పెద్ద ప్రజాతిని మూడుగా విడదీశాక తంగేడు తిరిగి సెన్నా అయింది. రేల చెట్టు మాత్రం కేసియాలోనే ఉండిపోయింది. కారణం పువ్వులోనే కనబడుతుంది. రేల పువ్వులో మూడు కేసరాలు పొడుగ్గా వంపు తిరిగి బయటికి వేలాడతాయి, తంగేడులో అట్లా వేలాడవు. పసుపుపచ్చగా ఉన్నాయని రెండింటినీ ఒకటి అనుకోవడానికి లేదు.

బతుకమ్మ పేర్చేటప్పుడు చూస్తే ఒక్క తాంబాళంలో వర్గీకరణ పాఠం మొత్తం ఉంటుంది. తంగేడు చిక్కుడు కుటుంబం. మోదుగు, కంది, కానుగ, చింత, తుమ్మ, జమ్మి అన్నీ ఆ ఇంటివే. కాయ చూస్తే తెలిసిపోతుంది. గునుగు తోటకూర కుటుంబం. గునుగులో ఆకర్షణ పత్రాలు లేవు. మనం పువ్వు అనుకునేది ఎండిన కాగితం లాంటి పరిపత్రాల గుత్తి. నీరు లేనిది వాడదు కదా, అందుకే తొమ్మిది రోజులూ గునుగు నిలుస్తుంది, రంగు అద్దినా పట్టుకుంటుంది. బంతి ఒక పువ్వు కాదు, వందల చిన్న పూలు ఒకే దిమ్మె మీద కూర్చున్న గుంపు. గుమ్మడిలో మగ పువ్వు వేరు, ఆడ పువ్వు వేరు. ఆడ పువ్వు కింద పిందె ఉంటుంది. మా బాపమ్మ బతుకమ్మకు ఎప్పుడూ పిందె లేని పువ్వే తెంపేది, మమ్మల్ని కూడా పిందె ముట్టనిచ్చేది కాదు.

బెంథామ్, హుకర్ అనే ఇద్దరు ఆంగ్లేయులు 1862 నుంచి 1883 దాకా రాసిన జెనీరా ప్లాంటేరమ్ మన కాలేజీల్లో ఇప్పటికీ చెప్పే పద్ధతి. ఆకర్షణ పత్రాలు విడివిడిగా ఉంటే పాలీపెటలే, కలిసి ఉంటే గామోపెటలే, ఒక్క వరుస పరిపత్రమే ఉంటే మోనోక్లామిడే. ఇవి ద్విదళబీజాలు. ఏకదళబీజాలు వేరు. ఈ లెక్కన తంగేడు మొదటి దాంట్లో, బంతి రెండో దాంట్లో, గునుగు మూడో దాంట్లో పడతాయి. మరి గుమ్మడి? రేకులు కలిసే ఉన్నాయి కాబట్టి గామోపెటలే అని రాస్తే మార్కు పోతుంది. వాళ్లు దాన్ని పాలీపెటలేలో పెట్టారు. పద్ధతి పెట్టినవాళ్లకే అన్ని మొక్కలూ లొంగలేదు.

ఇప్పుడు పువ్వు ఆకారంతో పాటు డీఎన్ఏ చూసి చుట్టరికం తేలుస్తున్నారు. ఏపీజీ అనే శాస్త్రవేత్తల బృందం 1998లో మొదటి పట్టిక వేసింది. 2016 నాటి నాలుగో పట్టికలో 64 క్రమాలు, 416 కుటుంబాలు ఉన్నాయి. దీంతో మనకు తెలిసిన చెట్ల ఇళ్లు మారాయి. బూరుగుకు, తపసికి పాత పుస్తకాల్లో వేరు వేరు కుటుంబాలుండేవి. ఇప్పుడవి పత్తి, బెండ, గోగు ఉన్న మాల్వేసీలోకి వచ్చాయి. తుమ్మ సంగతి ఇంకా చిత్రం. మన నల్లతుమ్మ పేరు అకేషియా. గ్రీకులో ముల్లును తెలిపే మాట నుంచి ఆ పేరు వచ్చింది. ఆ ప్రజాతిని విడదీయవలసి వచ్చినప్పుడు అసలు పేరు ఎవరికి దక్కాలని తగువు పడింది. ఆస్ట్రేలియాలో దాదాపు వెయ్యి జాతులున్నాయి కాబట్టి పేరు వాటికే ఉంచాలని 2005లో వియన్నా మహాసభలో నిర్ణయించారు, 2011లో మెల్‌బోర్న్‌లో ఖాయం చేశారు. ఆస్ట్రేలియా వాటిలో చాలామటుకు ముళ్లే లేవు. ముళ్లున్న మన నల్లతుమ్మ వాకెల్లియా అయింది, సండ్ర సెనిగాలియా అయింది. సంఖ్యాబలం లేనివాడికి ఇంటిపేరు కూడా నిలవదన్న మాట. నియమం ప్రకారం సరే, నాకు మాత్రం ఇది నచ్చలేదు.

మొక్కలకు పేర్లు పెట్టిన చరిత్ర కూడా తెలుసుకోవాలి. కేరళ మొక్కల మీద 1678–1693 మధ్య డచ్చివాళ్లు 12 సంపుటాల హోర్టస్ మలబారికస్ అచ్చువేశారు. ఆ మొక్కల గుణాలు చెప్పింది ఇట్టి అచ్యుతన్ అనే ఈళవ వైద్యుడు. ఆయన పేరు, ఆయన ఇచ్చిన వాంగ్మూలం ఆ పుస్తకంలోనే అచ్చయ్యాయి. లిన్నేయస్ ఆ పుస్తకాన్ని వాడుకున్నాడు. మన తెలుగు ప్రాంతంలో ఆ పని చేసింది పైన చెప్పిన రాక్స్‌బర్గ్. ఆయన ఈస్టిండియా కంపెనీ డాక్టరు, సామర్లకోటలో తోట వేశాడు. ప్లాంట్స్ ఆఫ్ ది కోస్ట్ ఆఫ్ కోరమాండల్ అనే మూడు సంపుటాలు 1795 నుంచి 1820 దాకా వెలువడ్డాయి, 300 బొమ్మలు. మొక్కల తెలుగు పేర్లు అడిగి రాసుకున్నాడు. సోమిద చెట్టు ప్రజాతి పేరు సోయ్‌మిడా. అది మన తెలుగు మాటే. జ్వరానికి సోమిద బెరడు వాడొచ్చని రాక్స్‌బర్గ్ రాశాడు కాబట్టి రెండో పేరు ఫెబ్రిఫ్యూగా, జ్వరాన్ని తరిమేది. కానీ ఆ బొమ్మలు గీసిన మన దేశపు చిత్రకారుల పేర్లు, "ఇది సోమిద" అని వేలుపెట్టి చూపిన మనిషి పేరు ఆ పుస్తకంలో లేవు. మోదుగు ప్రజాతికి బ్యూటియా అని పేరు పెట్టారు. బ్యూట్ ప్రభువు, ఒకప్పటి బ్రిటన్ ప్రధానమంత్రి పేరు మీద. ఆయన మోదుగు విస్తరిలో తిన్న మనిషి కాదు.

ఇంకో సంగతి. గ్యాంబుల్ 1915లో మొదలుపెట్టిన మద్రాసు ప్రెసిడెన్సీ ఫ్లోరా ఆయన తర్వాత ఫిషర్ చేతిలో 1936లో పూర్తయింది. దక్షిణాది విద్యార్థులకు అదే పెద్ద బాలశిక్ష. అందులో సర్కారు జిల్లాలున్నాయి, రాయలసీమ ఉంది, మనం లేము. మనం నిజాం రాజ్యం. ఆదిలాబాద్ జిల్లా మొక్కల మీద పుల్లయ్య గారు, ప్రసన్న, ఓబులేసు కలిసి రాసిన ఫ్లోరా 1992లో వచ్చింది. తెలంగాణ మొత్తానికి పుల్లయ్య గారి మూడు సంపుటాలు 2015లో వచ్చాయి. లైబ్రరీలో ఆదిలాబాద్ ఫ్లోరా మొదటిసారి తెరిచినప్పుడు మన వైపు ఊళ్ల పేర్లు, మొక్కల పక్కన తెలుగు పేర్లు చూసి ఆ సాయంత్రం మెస్సు వేళ దాటిపోయేదాకా లేవలేదు.

శాస్త్రీయ నామం అంటే తప్పు లేనిది అని కూడా అనుకోవద్దు. నిర్మల్ కొయ్యబొమ్మలు చేసే తేలికైన కర్ర పొనికి చెట్టుది. దాని పేరు గివోషియా మొలుక్కానా. మొలుక్కా దీవులు ఇండోనేషియాలో ఉన్నాయి, పొనికి అక్కడిది కాదు, దక్షిణ భారతదేశానిదీ శ్రీలంకదీ. అయినా ముందు పెట్టిన పేరే చెల్లుతుందన్నది నియమం.

స్వదేశీ మొక్క అంటే మనిషి తేకుండా ఇక్కడ తనంతట తాను పుట్టి పెరిగింది అని అర్థం. తంగేడు, మోదుగు, ఇప్ప, తునికి, మద్ది, ఏగిస, మొర్రి మనవి. బంతి మెక్సికోది, గుమ్మడి కూడా అమెరికా ఖండాలదే. సీతమ్మ పేరు పెట్టుకున్న సీతాఫలం అమెరికా ఉష్ణప్రాంతాలది. చింతకు లిన్నేయస్ టామరిండస్ ఇండికా అని పేరు పెట్టాడు గానీ దాని పుట్టిల్లు ఆఫ్రికా. గునుగు పుట్టిల్లు ఆఫ్రికానా మన దేశమా అన్నదాని మీద పండితులకు ఇంకా ఏకాభిప్రాయం లేదు. బయటినుంచి వచ్చిందల్లా చెడ్డదని నేను అనను, మిరపకాయ లేకుండా మన మెస్సు నడుస్తదా? కానీ గనుల మట్టి గుట్టల మీద, రోడ్ల పక్కన చూడండి. సర్కారు తుమ్మ, సుబాబుల్, వయ్యారిభామ. మూడూ అమెరికా ఖండాలవే. గుట్ట పచ్చగా కనబడుతుంది, దగ్గరికి పోయి లెక్కపెడితే పది రకాలు దాటవు. అదే విస్తీర్ణంలో మన అడవి అంచున లెక్కపెట్టండి. పచ్చదనం వేరు, వైవిధ్యం వేరు. ఆ తేడా చూసేవాడికి మొక్కల పేర్లు రావాలి.

ఇక నా సొంత పొరపాటు చెప్పి ముగిస్తాను. మొదటి సంవత్సరం ఫీల్డ్ ట్రిప్‌లో తెచ్చిన ఒక కొమ్మను ఎండబెట్టి, షీట్‌కు అంటించి, టెర్మినేలియా అర్జున అని లేబుల్ రాశాను. కొమ్మకు కాయ లేదు. వైవాలో పరీక్షకు వచ్చిన సారు షీట్ చూసి, "చెట్టు బెరడు ఎట్లుంది?" అని ఒక్క ప్రశ్న అడిగారు. నేను బెరడు చూడలేదు. నిలబడి నేల చూశాను. మార్కులు పోయాయి, అందరి ముందు పరువు పోయింది. మనవాళ్లు ఇంతేలే అని ఎవరైనా అనుకుంటారేమోనన్న భయం అన్నిటికంటే ఎక్కువ బాధపెట్టింది. మీలో కొందరికి ఆ భయం తెలుసు.

సెలవుల్లో ఇంటికి వచ్చి బాపమ్మను వెంటబెట్టుకుని ఊరి అవతలి చెట్ల దగ్గరికి పోయాను. ఆమె ఆకు వైపు కూడా చూడలేదు. "ఇది నల్లమద్ది. తోలు సూడు, మొసలి ఈపు లెక్క పగిలి లేదా? గా వాగొడ్డుకు ఉన్నది ఏరుమద్ది, తెల్లమద్ది అంటరు. దాని తోలు నున్నగుంటది, పొరలు పొరలు ఊడుతది" అన్నది. పుస్తకంలో కూడా అదే ఉంది. నల్లమద్ది పాత పేరు టెర్మినేలియా టోమెంటోసా, కొత్త పుస్తకాల్లో ఎలిప్టికా. ఏరుమద్ది అర్జున. కాయ ఉంటే రెక్కల మీది గీతలు చూసి కూడా చెప్పొచ్చు, నల్లమద్దిలో అడ్డంగా నేరుగా పోతాయి, ఏరుమద్దిలో పైకి వంపు తిరుగుతాయి. చెన్నూరు వైపు దసలి పట్టుపురుగులను పెంచేది ఈ మద్ది ఆకుల మీదే. ఎండిన షీట్‌లో బెరడు ఉండదు. ఆమె చూసే గుర్తు మా షీట్‌కు ఎక్కదు, మేము చూసే కాయ గీత ఆమెకు అవసరం పడలేదు.

అన్నీ ఆమెకే తెలుసని కూడా చెప్పను. ఎండాకాలం తునికాకుకు పోయినప్పుడు కాయ కాయని తునికి చెట్లను బాపమ్మ గొడ్డు చెట్లు అనేది. యాభై ఆకుల కట్టలు కట్టుకుంటూ నేనూ అదే నమ్మాను. తునికిలో మగ చెట్టు వేరు, ఆడ చెట్టు వేరు అని పీజీలో చదివాక ఆమెకు చెప్పాను. అవి గొడ్డువి కావు, మగవి. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత నవ్వి, "ఇన్నేండ్లు మొగోణ్ణి పట్టుకొని గొడ్డు అన్ననా?" అన్నది.

తమ్ముళ్లూ, హాస్టల్లో హెర్బేరియం మొదలుపెట్టడానికి పైసలు అక్కర లేదు. పువ్వు, వీలైతే కాయ ఉన్న చిన్న కొమ్మ తీసుకోండి. పాత వార్తాపత్రికల మధ్య పరిచి మీ ట్రంకు పెట్టెల కింద పెట్టండి. వారం పది రోజులు రోజూ కాగితం మార్చాలి, లేకపోతే బూజు పడుతుంది. ఎండాక 42 సెంటీమీటర్ల పొడవు, 29 సెంటీమీటర్ల వెడల్పు ఉన్న అట్ట మీద కుట్టండి. కవ్వాల్ లాంటి రక్షిత అడవిలో అనుమతి లేకుండా ఆకు కూడా తెంపకూడదు. బడి వెనక జాగా, చేను గట్టు చాలు. పేరు తెలియకపోతే ఖాళీ ఉంచండి, ఊహించి రాయకండి. నాలాగా అవుతుంది. చెట్టును విడిచి వచ్చే ముందు బెరడు, పాలు కారుతాయా లేదా, వాసన, పువ్వు రంగు నోటుబుక్కులో రాసుకోండి. ఎండితే ఇవేవీ మిగలవు.

ఆ పాత షీట్ నా దగ్గరే ఉంది. లేబుల్ మార్చి మళ్లీ రాశాను: టెర్మినేలియా ఎలిప్టికా. కుటుంబం కాంబ్రిటేసీ. తెలుగు పేరు నల్లమద్ది. బెరడు నల్లగా, మొసలి వీపులా లోతుగా పగిలి ఉంటుంది. కింద మామూలుగా సేకరించినవారి పేరు, తేదీ ఉంటాయి. నేను ఇంకో గీత గీసుకున్నాను. పేరు చెప్పినవారు: మా బాపమ్మ, నస్పూర్.